నూటపన్నెండో పేజీలో అతుకు

ఇంతవరకూ జరిగింది రెండు ముక్కల్లో చెబుతాను. తెలిసినవాళ్లు కాస్త ఓపిక పట్టండి, తెలియనివాళ్లు కుర్చీ ముందుకు లాక్కోండి.

బోస్టన్‌లో, కార్న్‌హిల్ వీధిలో, ముప్పై నాలుగేళ్లుగా పుస్తకాలు అచ్చువేసి అమ్ముతున్న ఓబెడ్ స్టర్జిస్ గారికి చూపు పోయింది. ఈ సంగతి లోకంలో ఇద్దరికే తెలుసు. ఒకరు ఆయన, రెండోదాన్ని నేను. నా పేరు థర్జా మీచమ్. ఆ సంస్థలో పదకొండేళ్లుగా ప్రూఫుల గదిలో గట్టిగా చదివే పని నాది. నేను రాతప్రతి చదువుతుంటే ఆయన అచ్చు కాగితం చూస్తూ తప్పులు పట్టేవారు. కామా వస్తే కామా అనాలి, కొత్త పేరా వస్తే కొత్త పేరా అనాలి. గొంతు బొంగురుపోయే ఉద్యోగం. గత రెండేళ్లుగా ఆయన కాగితం ముందు ఊరికే కూర్చుంటున్నారు. వినడం ఒక్కటే ఆయనది, చదవడం చూడడం రెండూ నావి.

రహస్యం ఎందుకంటే, ఆ సంస్థలో ఒక నియమం ఉంది. చివరి ప్రూఫులో ప్రతి పేజీ కిందా యజమాని తన చేత్తో "చదివాను" అని రాసి సంతకం పెట్టాలి. చదవకుండా ఆ మాట రాసినవాడు, ఎంతటివాడైనా సరే, ఆ రోజు పొద్దు గూకేలోగా సంస్థ వదిలిపోవాలి. ఈ నియమం పెట్టింది స్టర్జిస్ గారే. వాటాల కాగితంలో రాయించిందీ ఆయనే. దాని కింద ఒక భాగస్వామిని గడప దాటించిందీ ఆయనే. నేను వినిపించింది చదివినట్టే లెక్క అని మేమిద్దరం మాకు మేము సర్దిచెప్పుకుంటూ రెండేళ్లు నెట్టుకొచ్చాం.

ఇక కెజాయా ట్రెంట్ పుస్తకం. వర్జీనియాలో బానిసగా పుట్టి, ఓడలో పీపాల మధ్య దాక్కుని పారిపోయి వచ్చి, బోస్టన్‌లో బట్టలుతికి ఇస్త్రీ చేసుకుంటూ, నలభై దాటాక అక్షరాలు నేర్చుకుని, తన జీవితం తన చేత్తో రాసుకుంది. రాతప్రతి ఇచ్చిన రోజున ఆవిడ అన్న మాట పోయినవారం చెప్పాను, మళ్లీ చెబుతాను. "అయ్యా, నూటపన్నెండో పేజీలో ఐదు వరుసలున్నాయి. వాటి కోసమే ఇదంతా రాశాను. మిగతాదంతా వాటికి చుట్టిన గుడ్డ." అమ్ముడుపోయిన కూతురి పేరు, ఊరు, గుర్తు ఆ ఐదు వరుసల్లో ఉన్నాయి. ఎవరో ఒకరు చదివి కబురు తెస్తారని ఆ తల్లి ఆశ. ఒక్క అక్షరం కూడా కదలదని స్టర్జిస్ గారు మాటిచ్చారు.

1854 ఏప్రిల్‌లో ఒక గురువారం పొద్దున పది గంటలకు, తొలి ప్రతి అందుకోవడానికి ఆవిడ వచ్చింది.

*

కింద కొట్లో ముసలి గుమాస్తా జాబెజ్, దక్షిణాది రాష్ట్రాల బడులకు పంపే లెక్కల పుస్తకాలు పెట్టెల్లో సర్దుతున్నాడు. అట్టలు ఒరుసుకోకుండా మూలమూలలా చెడిపోయిన అచ్చు కాగితాలు ఉండచుట్టి కుక్కుతున్నాడు. ఆ పెట్టెలను తప్పించుకుంటూ, చంకలో ఒక మూట పెట్టుకుని, కెజాయా మెట్లెక్కింది. ఆవిడ గుమ్మంలోకి రాకముందే స్టర్జిస్ గారు లేచి నిలబడ్డారు.

"రండి, శ్రీమతి ట్రెంట్ గారూ. మా మెట్లు మనుషుల్ని చంపుతాయి. కాసేపు కూర్చోండి."

మా వీధి మొత్తానికీ ఆవిణ్ని అలా పిలిచేది ఈయనొక్కరే. మిగతావాళ్లకు ఆవిడ ఉత్త కెజాయా, లేదంటే ఇస్త్రీ మనిషి.

"కూర్చోడానికి తీరికేదయ్యా? పొయ్యిలో నిప్పులేసి, ఇస్త్రీ పెట్టెలు దానిమీద పెట్టి వచ్చాను. ఇచ్చేస్తే పట్టుకుపోతా" అంది కెజాయా. అంటూనే మూట విప్పి, మొలాసిస్ అనే చెరకు పాకం పోసి కాల్చిన రొట్టె బల్లమీద పెట్టింది. "థర్జమ్మా, ఇది అందరికీ. జాబెజ్ తాత ఒక్కడే తినేస్తాడు, చూసుకో."

అప్పుడే స్టర్జిస్ గారి తమ్ముడి కొడుకు, సంస్థలో రెండో వాటాదారు, ఆల్వా స్టర్జిస్ లోపలికి వచ్చాడు. ముప్పై ఏళ్లుంటాయి. జుట్టుకు రాసుకున్న సువాసన నూనె మనిషికంటే ముందు గదిలోకి వస్తుంది. వచ్చి, కిటికీ దగ్గర చేతులు కట్టుకుని నిలబడ్డాడు. నాకెందుకో అది నచ్చలేదు. రచయితకు తొలి ప్రతి ఇచ్చే వేళ అతను ఎప్పుడూ రాడు.

స్టర్జిస్ గారు రెండు చేతులతో పుస్తకం అందించారు. దానిమీద దంతపు పిడి ఉన్న చిన్న చాకు కూడా ఉంది. కొత్త పుస్తకంలో కాగితాల మడతలు ఇంకా కోసి ఉండవు. మొదటి మడత రాసినవాళ్లే కోయాలి. అది మా దగ్గర ఆనవాయితీ.

"ముందు ఏ పేజీ కోస్తారమ్మా?"

"తెలిసే అడుగుతారు మీరు" అని నవ్వింది ఆవిడ.

చాకు సర్రుమని నడిచింది. కెజాయా పేజీ విప్పి, వేలు పెట్టి, పెదాలు కదుపుతూ చదవసాగింది. ఆవిడది నెమ్మది చదువు. మేమందరం కదలకుండా చూస్తున్నాం. వేలు పేజీ అడుగుదాకా వెళ్లింది, మళ్లీ పైకొచ్చింది, మళ్లీ అడుగుకు వెళ్లింది. ఆవిడ పేజీ తిప్పి అంకె చూసుకుంది.

"అయ్యా, నా పిల్ల ఇందులో లేదు."

పరుగున వెళ్లి ఆవిడ భుజం మీంచి చూశాను. కూతురి పేరు ఉండవలసిన చోట 'డ' అని ఒక అక్షరం, తరవాత పొడుగాటి గీత. ఊరి పేరుకూ అంతే. కొన్నవాడి పేరుకూ అంతే. మిగిలిన మూడు వరుసలూ మాయం. వాటి బదులు ఒక్క వాక్యం ఉంది: ఒక తల్లి శోకమును వర్ణించుటకు మాటలు చాలవు.

"మాటలు చాలవా?" అంది కెజాయా. ఆవిడ గొంతు పెరగలేదు. "చాలినన్ని మాటలు నేను రాశాను కదయ్యా."

కిటికీ దగ్గర నుంచి ఆల్వా దగ్గాడు. "పేర్ల చివర గీతలు పెట్టడం పెద్దమనుషుల పుస్తకాల్లో పద్ధతి, కెజాయా. అయినా నీ రాతప్రతిలోనే అలా ఉంది. రాసింది నువ్వే మర్చిపోతే మేమేం చేస్తాం?"

"నా కూతురి పేరు నేను మర్చిపోయానంటావా బాబూ?"

"రాతప్రతి తెండి, చూద్దాం" అన్నాను నేను. ఉండబట్టలేక అన్నాను.

"దొరకడంలేదు. ప్రూఫులైపోయాక ఎవరో చలికి పొయ్యిలో వేసుంటారు" అన్నాడు ఆల్వా తాపీగా. కోటు జేబులోంచి మడిచిన కాగితం తీసి బల్లమీద పరిచాడు. "ఇదిగో చివరి ప్రూఫు. గీతలున్నాయా? ఉన్నాయి. కింద చూడండి. 'చదివాను' అని రాసి, సంతకం. ఎవరి చెయ్యి పెదనాన్నా ఇది? మీది కాదా?"

ఆ చెయ్యి ఆయనదే. ఫిబ్రవరిలో నాకు జ్వరం వచ్చి నాలుగు రోజులు పనిలోకి రాలేదు. ఆ నాలుగు రోజుల్లో ఎవరో ఒక ప్రూఫు తెచ్చి, థర్జా చదివేసిందే ఇది, సంతకం ఒక్కటే తక్కువ, అని చెప్పి ఉంటారు. ఆయన నమ్మి పెట్టేసి ఉంటారు. ఆల్వా మొహంలో నవ్వు చూశాక ఇంకో సంగతి కూడా అర్థమైంది. మా ఇద్దరి రహస్యం ఎప్పుడో ముగ్గురిది అయిపోయింది.

"పోనీ, ఓసారి పైకి చదివి వినిపించండి పెదనాన్నా. ఈవిడ అనుమానం కూడా తీరుతుంది" అని కాగితం ఆయన చేతిలో పెట్టాడు.

ఇలాంటివి ముందు కూడా వచ్చాయి. వెలుతురు సరిగ్గా లేదండీ, ఇలా ఇవ్వండి, నేను చదువుతాను, అని కాగితం లాక్కోవడం నాకు అలవాటే. నోరు తెరిచాను. స్టర్జిస్ గారు నా వైపు చెయ్యి ఎత్తి ఆపారు.

కెజాయా ఆయన ఎదటికి వచ్చి నిలబడింది. "మీరు చదివారా అయ్యా? ఇలా ఉండగా చదివి, సరేనన్నారా?"

చదివానంటే మాట తప్పిన మనిషి అవుతారు. చదవలేదంటే ముప్పై నాలుగేళ్ల సంస్థ పొద్దు గూకేలోగా చేజారుతుంది. ఆ ప్రశ్నకు మూడో జవాబు లేదు. ఆయన కాగితాన్ని నెమ్మదిగా మడిచారు.

"మీకు జవాబు చెబుతానమ్మా. చెప్పకుండా ఈ గదిలోంచి కదలను. ముందు ఒక పని చేయాలి. థర్జా, నేలమాళిగలోంచి నూటపన్నెండో పలక తీసుకురమ్మని డూలన్‌కి చెప్పు."

ఆల్వా చేతులు విప్పాడు. "పలకెందుకు ఇప్పుడు?"

"ఇన్నేళ్లలో నువ్వు ఒక్కసారైనా పలకను ముట్టుకున్నావా ఆల్వా?" అన్నారు ఆయన.

*

అక్షరాలు ఒక్కొక్కటీ పేర్చి పేజీ కట్టాక, దానికి సున్నపు ముద్ద అచ్చు తీసి, కరిగించిన సీసం పోస్తారు. అలా పేజీ మొత్తం ఒకే సీసపు పలక అవుతుంది. అక్షరాలు మళ్లీ అరల్లోకి పోతాయి, పలక నేలమాళిగలో ఉండిపోతుంది. మనుషులు పోయినా పలకలుంటాయి. మా నేలమాళిగలో అలాంటివి పదకొండు వేలున్నాయని చెప్పుకునేవారు. కార్న్‌హిల్‌లో నడిచే జనానికి తమ కాళ్ల కింద ఇన్ని పుస్తకాలున్నాయని తెలియదు.

పలకలు చెక్కి నునుపుచేసే డూలన్ ఐర్లాండ్ మనిషి. ఎవరు చనిపోయినా కూడా ఏదో ఒక వేళాకోళం ఆడకుండా ఉండలేడు. పలక భుజాన వేసుకుని రొప్పుతూ వచ్చాడు.

"ఏం ముంచుకొచ్చిందయ్యగారూ? పలకలు పైకెక్కడం నా జన్మలో చూళ్లేదు. దీన్ని కూడా కూర్చోబెట్టి రొట్టె పెడతారా ఏంటి?" అన్నాడు. తరవాత కెజాయాను చూశాడు. ఆల్వాను చూశాడు. ఇంకేం మాట్లాడకుండా పలక బల్లమీద పెట్టి, టోపీ తీసి చేతిలో పట్టుకున్నాడు.

స్టర్జిస్ గారు కోటు విప్పి కుర్చీకి తగిలించారు. చొక్కా చేతులు మడిచారు. కుడిచేతి రెండు వేళ్లు పలకమీద ఆనించి, పై వరుస మొదట్నుంచీ నడిపించారు. పలకమీద అక్షరాలు వెనకనుంచి ముందుకు, తిరగబడి ఉంటాయి. పదేళ్లు అక్షరాలు పేర్చే కంపోజిటర్‌గా చేసి ఆ తరవాత యజమాని అయిన మనిషి ఆయన. వేళ్లు ఒక వరుస దాటాయి. రెండో వరుస దాటాయి. ఆయన మొహం కిటికీ వైపుంది, కళ్లు ఎక్కడా నిలవలేదు, చేతివేళ్లు మాత్రం చీమల్లా తమ దారిన తాము పోతున్నాయి.

పదిహేడో వరుసలో వేళ్లు ఆగాయి. వెనక్కి వచ్చాయి. మళ్లీ ముందుకు వెళ్లి, మళ్లీ అక్కడే ఆగాయి.

"ఇక్కడ తల వెంట్రుకంత ఎత్తు తేడా ఉంది" అన్నారు. "ఇక్కడ మొదలై, ఇరవైఒకటో వరుసలో ఇక్కడ అయిపోయింది. డూలన్, తిరగెయ్యి."

డూలన్ పలక తిరగేశాడు. వీపంతా నున్నగా ఉంది, ఒక్కచోట తప్ప. అక్కడ అరచేతి వెడల్పున సీసం ముద్దలుగా అంటుకుని, ఆకురాయితో రుద్దిన గీతలు కనిపిస్తున్నాయి.

"మీ వేలు ఇలా ఇవ్వండమ్మా" అని కెజాయా చెయ్యి అందుకుని, ఆ గరుకుమీద పెట్టారు. "తెలుస్తోందా?"

"చిరుగుకి మాసికేసినట్టుంది."

"అంతే. ఇది అతుకు. పోత పోసినప్పుడు పలక అంతా ఒకే ముక్క. తరవాత ఎవరో ఆ ఐదు వరుసలు కోసేసి, వేరే వరుసలు పెట్టి అతికారు." ఆయన తల ఆల్వా గొంతు వినిపించిన వైపు తిరిగింది. "రాతప్రతిలోనే గీతలుంటే, పలకకి అతుకెందుకు పడిందిరా?"

ఆ గదిలో అద్భుతం ఏమీ జరగలేదని, అనుభవం ఉన్న పనివాడెవడైనా చేసే పనేనని డూలన్ తరవాత నాతో వాదించాడు. వాదించుకోనీ. కళ్లున్న మేమంతా అచ్చయిన పేజీ చూసి ఏమీ తేల్చలేకపోయాం. కళ్లు లేని మనిషి వేలితో అబద్ధాన్ని పట్టుకున్నారు. నాకు చేతులు జోడించాలనిపించింది. ఇప్పటికీ ఆ పలక తలుచుకుంటే అలాగే అనిపిస్తుంది.

"నేనే కోశానయ్యగారూ" అన్నాడు డూలన్. మాటలో వేళాకోళం మచ్చుకైనా లేదు. "చిన్నయ్యగారు కాగితం తెచ్చారు. కింద మీ సంతకం ఉంది. మీరు 'చదివాను' అన్నాక అడగడానికి నేనెవణ్ణి?"

"నీ తప్పేం లేదు. ఆ మాట నమ్మమని ముప్పై ఏళ్లు నీకు నేర్పింది నేనే."

ఆల్వా మొహం ఎర్రబడింది. "సరే, నేనే చేయించాను. ఎవరి కోసం చేశాను? వర్జీనియాలో, కరొలైనాల్లో మన లెక్కల పుస్తకం లేని బడి లేదు. ఈ ఒక్క పేజీ చూస్తే ఆ తలుపులన్నీ మూసుకుంటాయి. ఆ పిల్లని కొన్న గౌల్డింగ్ సొంత తమ్ముడే నార్ఫోక్‌లో మన పుస్తకాలు అమ్ముతున్నాడు! పైగా ఈవిడ సంగతి ఆలోచించారా? పారిపోయినవాళ్లను పట్టి అప్పగించాలని చట్టం ఉంది. ఊరి పేరు, పిల్ల పేరు అచ్చువేయడమంటే ఈవిడ ఇంటికి దారి చూపించడమే. రేపు మనుషులొచ్చి సంకెళ్లు వేస్తే మీరు ఆపుతారా?"

నిజం చెప్పొద్దూ, ఆ చివరి మాట నన్ను కూడా ఒక్క క్షణం ఆపింది. కెజాయాను ఆపలేదు.

"నా మెడ గురించి నాకంటే నీకు బెంగగా ఉందా బాబూ? వస్తారని తెలీకుండానే రాశాననుకున్నావా? ఎవరో ఒకరు రావాలనే రాశాను. వందమంది చెడ్డవాళ్లొచ్చినా, నా పిల్లని చూసినవాళ్లు ఒక్కరొస్తే చాలు." ఆవిడ స్టర్జిస్ గారి వైపు తిరిగింది. "నేనడిగినదానికి మీరింకా జవాబు చెప్పలేదయ్యా."

ఆయన పలకమీద నుంచి చెయ్యి తీశారు.

"నేను చదవలేదమ్మా. చదవకుండా చదివానని రాశాను. నాకు కళ్లు కనపడవు. రెండేళ్లయింది. ఈ రెండేళ్లలో నా సంతకంతో బయటికి వెళ్లిన ఏ పేజీనీ నేను చూడలేదు. థర్జా చదివితే విన్నాను. ఇదొక్కటి విననైనా వినలేదు. మీ పిల్లని ఈ పేజీలోంచి తీసేసింది ఆల్వా అయితే, తలుపు తీసిపెట్టింది నేను."

డూలన్ చేతిలోంచి టోపీ జారి కిందపడింది. నేను ఏడ్చాను. దాచుకోవడం దేనికి, ఏడ్చాను.

ఆల్వా ఎక్కువసేపు ఆగలేదు. "నియమం మీదే పెదనాన్నా. నేను రాసింది కాదు."

"నాదే. నాకు మినహాయింపని ఎక్కడా రాయలేదు." "పొద్దు గూకేలోగా అని ఉంది. ఇప్పుడు పదకొండు కూడా కాలేదు. అందాకా ఈ సంస్థ నాది. డూలన్, ఆ అతుకు ఊడదియ్యి. థర్జా, బైండింగు గదిలో అమ్మాయిలకి చెప్పు, ఒక్క ప్రతి కూడా బయటికి పోకూడదు. ఆ పేజీ ఉన్న కాగితం చింపేసి కొత్తది అతకాలి. శ్రీమతి ట్రెంట్ గారూ, మీ ఇస్త్రీ పెట్టెలు చల్లారిపోతాయేమో. పైకి రాగలరా?"

"చల్లారనీండి" అంది కెజాయా.

*

పై అంతస్తులో పద్దెనిమిది మంది కంపోజిటర్లు పనిలో ఉన్నారు. యజమాని చొక్కా చేతులు మడుచుకుని, నా మోచెయ్యి పట్టుకుని లోపలికి రావడం చూసి ఒక్కొక్కరే లేచి నిలబడ్డారు. ఆయన కిటికీ పక్కనున్న కేసు ముందు ఆగారు. వంద చిన్నచిన్న అరలుండే ఏటవాలు పెట్టె అది, ఒక్కో అరలో ఒక్కో అక్షరం.

ఎడమచేతిలోకి స్టిక్కు, అక్షరాలు వరుసగా పేర్చే చిన్న ఇనప తట్ట, తీసుకున్నారు. కుడిచెయ్యి ఒకసారి అరల మీదుగా, తాకీ తాకనట్టు తిరిగి వచ్చింది. తరవాత మొదలుపెట్టారు.

రాతప్రతి లేదు. ఆయనకు అక్కర్లేదు. జనవరిలో ఒకే ఒక్కసారి నేను చదివాను, ఒక్కసారే విన్నారు. ఇప్పుడు ఒక్కో మాటా పైకి చెబుతూ పేర్చుతున్నారు. చెయ్యి వెతకడంలేదు. అర దగ్గరికి వెళ్లడం, అక్షరం తీయడం, స్టిక్కులో టక్కుమని పెట్టడం. పదకొండేళ్లు నేను చదువుతుంటే ఆయన విన్నారు. ఆ పూట ఆయన చెబుతుంటే నేను విన్నాను.

"నా కూతురి పేరు డోర్కస్. కామా కాదు, ఫుల్‌స్టాప్" అన్నారు ఆయన. టక్, టక్, టక్. "దానికి తొమ్మిదేళ్లప్పుడు, నార్ఫోక్ ఊళ్లో, పొగాకు గిడ్డంగి వెనక, హైరమ్ గౌల్డింగ్ అనే మనిషి దాన్ని కొన్నాడు. దాని ఎడమ చెవి వెనక వేలి గోరంత కాలిన మచ్చ ఉంది. పెనం నాది, తప్పు నాది." ఆ మాట దగ్గర చెయ్యి ఆగింది. "గోరంతే కదమ్మా?"

"అంతేనయ్యా. నా చిటికెన వేలి గోరంత." కెజాయా తన వేలు తనే చూసుకుంటోంది.

"ఇది చదివినవాళ్లు దాన్ని ఎక్కడైనా చూసి ఉంటే, మీ అమ్మ బతికే ఉంది, నిన్ను వెతుకుతోంది అని చెప్పండి."

ఐదు వరుసలు. స్టిక్కు నా ముందు పెట్టారు. నేను తిరగబడిన అక్షరాలు చదివాను. ఒక్క తప్పు లేదు. కెజాయా వంగి, సీసపు అక్షరాల మీద కూతురి పేరు ఉన్నచోట వేలు పెట్టింది. పెట్టి అలాగే ఉంచింది.

అప్పుడు మెట్లమీద దగ్గుతూ జాబెజ్ వచ్చాడు.

"అయ్యగారూ, కింద ఒక మనిషి వచ్చాడండి. నార్ఫోక్ నుంచి ఓడ దిగి వచ్చానన్నాడు. ఇది పైకి పంపమన్నాడు."

అతని చేతిలో నలిగిపోయి, మళ్లీ చేత్తో చదును చేసిన కాగితం. ఒక మూల సిరా అలుక్కుపోయి ఉంది. చూడగానే గుర్తుపట్టాను. నూటపన్నెండో పేజీయే. గీతలు లేవు. పేరు ఉంది, ఊరు ఉంది, మచ్చ ఉంది. పలక కోయకముందు తీసిన మొదటి అచ్చు, సిరా అలుక్కుపోయిందని పక్కన పారేసింది.

"పారేసిన కాగితం నార్ఫోక్ ఎలా పోయింది?" అన్నాడు వెనకనుంచి ఆల్వా. ఎప్పుడొచ్చాడో మా వెనకే వచ్చాడు.

జాబెజ్ అమాయకంగా చూశాడు. "మార్చిలో మీరే కదండీ లెక్కల పుస్తకాల పెట్టెలు పంపమన్నారు. మూలల్లో కుక్కాను."

ఆల్వా మొహంలో నెత్తురు చుక్క లేదు. తను పలక కోయించి ఆపిన ఐదు వరుసల్ని తన పెట్టెల్లోనే అక్కడికి పంపాడు.

"అంచున పెన్సిల్‌తో ఏదో రాసుందండి. నాకు కళ్లజోడు లేదు" అన్నాడు జాబెజ్.

"చదువు థర్జా" అన్నారు స్టర్జిస్ గారు.

పదకొండేళ్లలో ఏ కాగితం చదవడానికీ నా గొంతు అంత కష్టపడలేదు. గోరంత మచ్చ అన్న మాట కింద గీత గీసి, పక్కన ప్రూఫు దిద్దినట్టే దిద్ది ఉంది.

"'గోరంత కాదు. ఇప్పుడు రెండు గోళ్లంత. పిల్లతోపాటు అదీ పెరిగింది.'"

కెజాయా పక్కనున్న కేసు అంచు పట్టుకుంది.

"ఎలాంటి మనిషి జాబెజ్?" అన్నారు స్టర్జిస్ గారు చాలా నెమ్మదిగా.

"పేరు చెప్పలేదండి. టోపీ తీయలేదు. ఈ పేజీ రాసినావిణ్ని కళ్లతో చూస్తేనే మిగతాది చెబుతానన్నాడు. బయట బండి ఉంది, తెరలు దించేసి ఉన్నాయి."

నేను కిటికీలోంచి కిందకి చూశాను. నల్లటి బండి, రెండు గుర్రాలు, తెరల సందు కూడా కనపడకుండా కట్టేసి ఉంది. ఆ పిల్ల చెవి వెనక మచ్చ ఇవాళ ఎంత ఉందో రోజూ చూసేవాళ్లకే తెలుస్తుంది. దానికి జడ వేసేవాళ్లకు తెలుస్తుంది. దాన్ని కొనుక్కున్నవాళ్లకూ తెలుస్తుంది.

"వద్దు కెజాయా. డూలన్ వెళ్లి ముందు చూసొస్తాడు" అన్నాను.

ఆవిడ చేతులు నడుముకు కట్టుకున్న గుడ్డకు తుడుచుకుంది. "ఎవరో ఒకరు రావాలన్నాను. వచ్చారు."

స్టర్జిస్ గారు గాల్లోకి మోచెయ్యి చాచారు. "నా చెయ్యి పట్టుకోండమ్మా. మెట్లు మీకంటే నాకు బాగా తెలుసు. పొద్దు గూకేదాకా ఈ గడప నాది. నా గడప లోపల మిమ్మల్ని తాకాలంటే ముందు నన్ను దాటాలి."

ఆవిడ పట్టుకుంది. ఇద్దరూ ఒక్కో మెట్టే దిగసాగారు. సగం మెట్ల దగ్గర ఆయన ఉన్నట్టుండి ఆగి తల పక్కకు వంచారు, చెవి ఒగ్గేటప్పుడు ఎప్పుడూ వంచేలాగే. మాకెవరికీ ఏమీ వినపడలేదు.

"బండి తలుపు తీశారు" అన్నారు ఆయన. "ఇద్దరు దిగారు. ఒకరిది చెప్పులు లేని అడుగు."